గిన్నెలో పంపిన రికార్డు

మెంఫిస్, 1952

మార్చి 3
నా భార్య లూయెల్లా పోయాక మొదటిసారి స్టూడియో తలుపు తీశాను. ఏ పాట విడుదల చేయాలో ఇన్నాళ్లూ ఆమె చెవులే చెప్పాయి. నేను మైకులు అమర్చేవాణ్ణి, అంతే.

మార్చి 8, మధ్యాహ్నం
క్లియోథా పాడాడు. పత్తి గోడౌన్లో బేళ్లు మోసే మనిషి. ఒకే పాట, రెండు రకాలుగా. మొదటిది నెమ్మది, శుభ్రం. రెండోసారి పియానో పరిగెత్తింది, డ్రమ్ము దాని వెంటపడింది, మధ్యలో క్లియోథా కేక పెట్టాడు. శబ్దం కొలిచే మీటరు ముల్లు ఎర్రగీత దాటింది.
ఏది బాగుందో నాకు తెలియడం లేదు.

మార్చి 10
రికార్డుల పంపిణీదారు డెల్బర్ట్ వచ్చాడు. రెండోది విని, ఇదేంటి హాలిస్, నల్లవాళ్ల బ్లూసా, తెల్ల కొండోళ్ల పాటా, పూనకమా అన్నాడు. నల్లవాళ్ల రేడియో స్టేషనూ వెయ్యదు, మన తెల్లవాళ్ల స్టేషనూ వెయ్యదు, నెమ్మదిదే పంపమన్నాడు. ఉన్న డబ్బుతో రికార్డుగా అచ్చు వేయించగలిగేది ఒక్కదాన్నే. అదీ మునిగితే స్టూడియోకు తాళం, క్లియోథా జీవితాంతం బేళ్లకే.

మార్చి 16, ఆదివారం
అంత్యక్రియలప్పుడు జనం వంటలు తెచ్చిన గిన్నెలు తిరిగి ఇస్తున్నాను. అడుగున పట్టీల మీద పేర్లు. చివరిది క్లియోథా తల్లి ఓజెల్లాది. మా వైపు గిన్నె ఖాళీగా తిరిగివ్వరు. మిగతావాటిలో బన్నులు పెట్టాను. ఇవాళ బేకరీ లేదు. బల్ల మీద రెండోసారి పాడినదాని నమూనా డిస్కు ఉంటే అదే పెట్టాను.
తెల్లవాడు గిన్నె పట్టుకుని నల్లవాళ్ల వాడలో ముందు గుమ్మం ఎక్కితే వీధంతా చూసింది. ఓజెల్లా గిన్నెలోకి తొంగిచూసి, హాలిస్ బాబూ, దీన్ని వేయించాలా ఉడకబెట్టాలా అంది.
నవ్వాను.

మార్చి 17
నమూనా డిస్కు పూత మెత్తన. కొన్నిసార్లు వేస్తే అరిగిపోతుంది. చెప్పడం మరిచాను.

మార్చి 24
క్లియోథా డిస్కు తెచ్చాడు. పాడైపోయింది సార్, అమ్మను ఏమీ అనకండి అన్నాడు. వేశాను. హోరు తప్ప పాట లేదు. ఎవరు వేశారని అడిగాను. అందరూ సార్, చర్చి ముసలమ్మలు కూడా వచ్చి, పాపిష్టి పాటరా నాయనా, ఇంకోసారి వెయ్యి అన్నారు, అని చెప్పాడు.
ఆ హోరు చివరిదాకా విన్నాను. టేపు మీదున్న ఆ రెండోదాన్నే అచ్చుకు పంపాను.

ఏప్రిల్ 2
డెల్బర్ట్ ఫోన్. దుఃఖంలో ఉన్నవాడు నిర్ణయాలు తీసుకోకూడదన్నాడు. కావచ్చు.

మే 20
ఎర్రలైటు దగ్గర ఆగాను. పక్క కారు రేడియోలో క్లియోథా కేక. నడుపుతున్న తెల్ల ముసలాయన తలుపు మీద దరువేస్తున్నాడు.
నా పక్కనున్న ఖాళీ సీటు వైపు తిరిగి, విన్నావా అన్నాను.