అల రాని అద్దం

అమ్మకు నమస్కరించి రాస్తున్నాను. ఇక్కడ నాన్నా నేనూ ఒంట్లో బాగానే ఉన్నాం. అక్కడ నువ్వూ, అక్కా, పసిదీ కూడా అలాగే ఉన్నారని తలుస్తాను.

నువ్వు అడిగినవి: నాన్న వేళకు తింటున్నారు. పని గది కప్పు కారడం మానింది. పసిదానికి మంచి పేరు ఆలోచించమన్నావు. ఇప్పుడు నా నోట ఏ పేరూ రావడం లేదు.

నాన్న ప్రదర్శన ఎందుకు వద్దన్నారని మళ్ళీ అడిగావు. కళ్ళు చెడ్డాయట అని కిందటి ఉత్తరంలో రాశాను. అది సగమే.

నాన్న నలభై ఏళ్ళ పనీ ఒక్కచోట పెడతామన్నారు కదా ప్రదర్శనశాల వాళ్ళు. అందులో అన్నిటికన్నా ముందుది ఆ పాత అద్దం. వెనక నల్లగీతల చెక్క, ముందు నల్లగీతల గాజు అద్దం. మోటారు అద్దాన్ని మెల్లగా జరుపుతుంటే గీతల్లోంచి అల లేస్తుంది. అంతకుముందు మన దగ్గర అలాంటిది ఎవరూ చేయలేదు. "ఇంతకీ ఇది బొమ్మా, ఫ్యానా బావా? గాలి రావడం లేదే!" అన్నాడట మామయ్య. నువ్వే నవ్వుతూ చెప్పేదానివి.

ఆ అద్దం మీద గీతలు వెలిసిపోయాయి. "పాత గీతల మీదే రంగు వెయ్యి అమ్మడూ. నీ తెలివి మాత్రం వాడకు," అన్నారు నాన్న. నేను వాడాను. మధ్యలో గీతల సందులు వెంట్రుకవాసి తగ్గుతూ, పెరుగుతూ ఉన్నాయి. చెయ్యి ఇంకా కుదరని రోజుల్లో గీసినవి కాబోలనుకున్నాను. నలుగురూ చూసి నవ్వకూడదని బ్లేడుతో గీకి, స్కేలు పెట్టి అన్నీ సమంగా గీశాను. బళ్ళో సిస్టర్ల దగ్గర నేర్చుకున్న శుభ్రం.

మోటారు వేశారు. అద్దం కదిలింది, అల లేవలేదు. సందుల్లోని ఆ హెచ్చుతగ్గుల్లోంచే అల లేచేదని అప్పుడు తెలిసింది నాకు. నాన్న అటు నడిచారు, ఇటు నడిచారు. కళ్ళజోడు తుడిచి మళ్ళీ చూశారు.

"అల ఏదే?"

"వస్తోంది కదా నాన్నా."

"నీకు కనిపిస్తోందా?"

"ఆఁ."

అమ్మా, ఆ ఒక్క "ఆఁ" నాది. ఆయన నమ్మారు. కళ్ళు పోయాయనుకుని ప్రదర్శన వద్దని రాసేశారు. కుంచెలన్నీ సైన్‌బోర్డులు రాసే ఆయనకు ఇచ్చేశారు. పేపరు కూడా నన్నే చదివి వినిపించమన్నారు. పదిహేను రోజులు చదివాను.

ఈ ఉదయం చెప్పేశాను. "ఏ గీతలు?" అన్నారంతే. చూపించాను. గోటితో ఒక్కో గీతా తడిమారు.

"గీతలదేముందే, మళ్ళీ గీసుకుంటాను. కళ్ళున్నవాణ్ణి గుడ్డివాణ్ణి చేసి, నా ఎదురుగా కూర్చుని రోజూ పేపరు చదివావు చూడు, దాన్నేం చెయ్యాలో నాకు తెలీడం లేదు."

తిట్టి ఉంటే బాగుండేది.

ప్రదర్శనకు వస్తున్నానని ఆయనే కబురు పంపారు. కుంచెలు తిరిగొచ్చాయి. ఇప్పుడు పని గదిలోంచి అద్దం గీకుతున్న చప్పుడు వినిపిస్తోంది. అంత పొడుగు స్కేలు జారకుండా రెండో చివర ఒకరు పట్టుకోవాలి. ఇన్నాళ్ళూ అది నా పని. ఈవేళ పక్కింటి వడ్రంగిని పిలిచారు.

నా తరఫున నాన్నకు ఏమీ రాయకు.

ఇట్లు,
నీ చిన్న కూతురు