దిష్టిబొమ్మైన వీరుడు

2002 జూన్, ఆదివారం రాత్రి

ఛీ! లోకాన్ని కాపాడే నా కామిక్ వీరుడు, కొత్త పుస్తకంలోని ‘ఇంకో లోకం’ కథలో ఆ లోకంలోని జనాన్నే కాల్చి చంపుతున్నాడు. ఆ కథ రాసిన చేతుల్ని ఫినాయిల్‌తో కడిగించాలి.

చీకటంటే వణికే మేనకోడలికి వీరుడి లక్కబొమ్మ చేసిపెట్టమని ఏటికొప్పాక అప్పారావు బాబాయికి ఆ పుస్తకమే ఇచ్చాను. నా ఖర్మ, ఆయన లోపలి కథలోని ఆ హంతకుడినే చేశాడు. నల్లటి ఒళ్లు, ఎర్రటి కళ్లు!

“ఇదేటి బాబాయ్, అట్ట మీదోడు కదా కావాలి?”

“ఆడు మరీ పెళ్లికొడుకులా ఉన్నాడు బాబూ. పిల్లకి దిష్టి తగలకుండా ఈడైతే బాగుంటాడని సేసినాను.”

ఆ బొమ్మని సంచిలో కుక్కి ఇంటికి తెచ్చాను. మేనకోడలు మాత్రం, “మామయ్యా, ఈడ్ని సూస్తే దెయ్యాలు పారిపోతాయి, లైటు తీసెయ్” అని, వాడిని కౌగిలించుకుని నిద్రపోయింది.

నేను టార్చి వెలుగులో రాస్తున్నాను. ఆ ఎర్ర కళ్లు నా వైపే...