సీసకు పట్టిన చెమట

అన్నా, నువ్వు పోయి ఇయ్యాల్టికి ఏడాది. కంపెనీల బాయిలర్ కాడ పనిచేసుకుంట నువ్వు కనిపెట్టిన సిద్ధాంతం పొద్దుగాలనే యాదికొచ్చింది. "ప్రాణశక్తి గూడ ఆవిరి లెక్కనేరా. కండ్లకు కనవడది గని ఏడికీ పోదు. సల్లటిది దొరికితే మళ్ల నీళ్లై వచ్చి కూసుంటది" అంటుంటివి. నేను నవ్వుతుంటి.

దుకాణం తెర్వంగనే ఫ్రిజ్‌లకెల్లి నువ్వు రోజూ తాగే నిమ్మసోడా తీసి కౌంటర్ మీద పెట్టిన. జెరసేపటికి సీసకు సన్నగ చెమట పట్టింది. "వచ్చినవా అన్నా" అని అడిగిన. పక్కకు చూస్తే, గిరాకీకి తీసిన సీసలన్నిటికీ గట్లనే పట్టింది. వీటిల్ల నువ్వేదో నాకెట్ల తెల్వాలె?

సోడకొచ్చిన జిన్నారం లారీ డ్రైవర్ నీ సీసనే చూపిచ్చిండు. "తమ్మీ, తుడిచియ్యరాదు, చెయ్యి తడుస్తది."

తుడిచి ఇచ్చిన అన్నా.