మధ్య వరసలో ఖాళీ

శీనూ,

నువ్వు పోయి ఇవాళ్టికి ఏడాది. నీ రూమ్మేట్లం నలుగురం మేముండే అరోరా నుంచి డ్రైవ్ చేసుకుంటూ మన ఎమ్మెస్ కాలేజీకి వెళ్ళాం. జిమ్ గోడ మీద నువ్వు ఎప్పుడూ ఆగి చూసే ఆ పాతకాలం ఫుట్‌బాల్ టీమ్ ఫోటో అలాగే ఉంది. వందేళ్ళ కిందటి ఆ సీజన్‌లో ఒక ఆటగాడు దెబ్బ తగిలి చనిపోయాడనీ, ఆ తర్వాత టీమ్ ఒక్క మ్యాచ్ కూడా గెలవలేదనీ, చివర్లో ఫోటో దిగుతూ మధ్య వరసలో అతని చోటు ఖాళీగా వదిలారనీ నువ్వే కనుక్కున్నావు. "ఓడిపోతే ఏంరా, మంచోళ్ళు," అనేవాడివి.

ఆ ఫోటో కిందే మేమూ నిలబడ్డాం, మధ్యలో నీకు చోటు వదిలి. మన రమేష్ కూతురు ఫోటో తీస్తూ, "అంకుల్, మధ్యలో గ్యాప్ ఉంది, క్లోజ్‌గా రండి," అంది.

నీ చోట్లోకి ముందు జరిగింది నేనేరా.