చేట పట్టిన సుక్కి

ఫిబ్రవరి 16, సోమవారం

టపాలో మద్రాసు వారపత్రిక వచ్చింది. మధ్య పేజీలో సుక్కి! మాకు విస్తళ్లు తెచ్చే సుక్కి. జుట్టు విరబోసుకుని, రవిక లేకుండా, చేతిలో చేట. ఆ చేట నాది. అంచుకు నేను కుట్టిన గుడ్డ కూడా కనబడుతోంది. కింద రాశారు: ‘బస్తరు సంస్థానపు అడవిపిల్ల – సిగ్గెరుగదు, దిగులెరుగదు.’

ఒళ్లు మండింది. నిరుడే మొగుడు పోయిన మనిషి. దిగులెరుగదట.

ఫిబ్రవరి 17

ఫొటో తీసిన రోజే కళ్ల ముందు తిరుగుతోంది. మా పెరట్లోనే. సంతలో కొన్న రవిక తొడుక్కుని, ముడి బిగించుకుని వచ్చింది. ఆ ఫొటోల బాబు రవిక తీయమన్నాడు. అడవివాళ్లు రవికలు తొడగరట... మొహం పక్కకు తిప్పుకుని తీసింది. నా చేట చేతికిచ్చి ముడి విప్పమంటే మాత్రం ఆగింది.

“జుట్టు ఇడిసి చేట పట్టొద్దు బాబు. మా దిక్కు మంత్రగత్తెలు అట్ల తిరుగుతరంటరు.”

నవ్వాడు. తహసీల్దారు గారి అతిథి – కాదనేదెవరు?

ఫిబ్రవరి 20, సంత రోజు

తను బస చేసిన కోమటి కొట్టుకీ ఒక ప్రతి పంపాడట ఆ ఫొటోల మహానుభావుడు. శెట్టి ఆ పేజీ చింపి, ఉప్పు బస్తాల పైన గోడకు అంటించాడు. జనం మూగుతున్నారని మురిసిపోతున్నాడు. తీసెయ్యమంటే, బాగానే ఉంది కదమ్మా అన్నాడు.

సుక్కి మరిది ఎర్రయ్య చాలాసేపు నిలబడి చూశాడు. నవ్వలేదు. అన్న వాటా ఇప్పచెట్లు వదినకు పోయాయని వాడికి ఎప్పట్నుంచో ఏడుపు.

ఫిబ్రవరి 27

సుక్కి వాళ్ల ఊళ్లో అమ్మవారు పోసింది. ఇద్దరు పిల్లలు పోయారు. మా ఆయన తను పనిచేసే దవాఖానా నుంచి టీకాల పెట్టె పట్టుకుని వెళ్లొచ్చారు. ఒక్కరూ చెయ్యి చాపలేదట. ఎర్రయ్య వదిన పేరెత్తి అందరి ముందూ అన్నాడట – “బొమ్మల అట్ల నిలబడ్డంక ఇంకేం సాక్ష్యం గావాలె?”

చెబుతూ చెబుతూ అన్నం సగంలో లేచారు. నాకు భయంగా ఉంది.

మార్చి 2

శెట్టి కొట్టుకు వెళ్లి ఆ పేజీ నేనే పీకేశాను. అరిచాడు. అరవనీ.

ఎన్ని ప్రతులు అచ్చేసి ఉంటారు... ఎన్ని గోడలు...

మార్చి 6, సంత రోజు

సుక్కి వచ్చింది. నెత్తిన గుడ్డ. తీసింది – బోడి తల. కొడవలితో తనే కోసేసుకుందట. అక్కడక్కడా గాట్లు.

“ఇగ ఇడువమనేటందుకు జుట్టే లేదు గదక్క.”

గండం గడిచిందన్న ధీమా ఆ మొహంలో. మా ఆయన మొహం పాలిపోయింది. మంత్రగత్తె అని తేలిస్తే ఆ ఊళ్లలో ముందు చేసేది గుండు గీయడమే. ఆ సంగతి దానికి తెలియదా? భయంలో తోచలేదు, అంతే. ఇప్పుడు చూసినవాళ్లంతా తప్పు ఒప్పుకుందనే అంటారు.

ఇక్కడే ఉండు, మా వంటింట్లో పడుకో అన్నాను. చెయ్యి పట్టుకుని మరీ అడిగాను. ఇప్పపువ్వు రాలే కాలం, పొద్దున్నే తను ఏరకపోతే ఎర్రయ్య ఏరుకుంటాడంది. తలకు గుడ్డ కూడా కట్టుకోకుండా బయల్దేరింది. వీధి మలుపు దాకా చూస్తూ నిలబడ్డాను.

మార్చి 9

మా ఆయన సుక్కి సంగతి చెప్పడానికి బీజాపూర్ తహసీలు కచేరీకి వెళ్లారు. తహసీల్దారు క్యాంపులో ఉన్నారట. ఊరి గొడవ ఊళ్లోనే తేల్చుకోవాలన్నాడట బంట్రోతు.

మార్చి 11

ఏ కబురూ లేదు. అటు నుంచి దవాఖానాకు కూడా ఎవరూ రావడం లేదు.

మార్చి 13, సంత రోజు

విస్తళ్లు తెచ్చింది సుక్కి కాదు. ఎర్రయ్య పెళ్లాం. గంపలో ఇప్పపువ్వు కూడా.

సుక్కి ఏదని అడిగాను.

“ఏ సుక్కి?” అంది.

విస్తళ్లు కొనలేదు. మా ఆయన అప్పటికప్పుడే సైకిలు మీద ఆ ఊరికి బయల్దేరారు. ఒంటరిగా వద్దన్నాను. వినలేదు.

సాయంత్రం టపా వచ్చింది. పాఠకుల ఉత్తరాలన్నీ ఆ బొమ్మ గురించే. వనదేవతట. ఎవరో ఆమె నవ్వు మీద పద్యం రాసి పంపారు. బొమ్మలో అసలు నవ్వెక్కడుంది?

వచ్చే వారం అట్ట మీద మళ్లీ ఆమెనే వేస్తారట.

పొద్దు కుంకింది. ఈయన ఇంకా రాలేదు.