ఏడో ఫ్లోర్‌లో కుళాయిలు

మార్చి 3, సోమవారం
హోటల్లో ఏడో ఫ్లోర్ కూడా మూసేశారు. గెస్టులు లేరు. హౌస్‌కీపింగ్‌లో సగం మందిని పంపేసి నన్ను ఉంచారు. ఎందుకో అడగలేదు. మూసిన గదులన్నీ తిరిగి కుళాయిలు విప్పి, కాసేపు నీళ్లు వదిలి కట్టేయాలి. లేకపోతే పైపుల్లో నీళ్లు పాడవుతాయట.

మార్చి 5
ఈరోజు ఎవరితోనూ మాట్లాడలేదు.

మార్చి 9, ఆదివారం
అక్క ఫోన్ చేసింది. ఖాళీ గదులకి కాపలా కాయడం ఏం ఉద్యోగమే, మా దగ్గరికి వచ్చెయ్ అంది. అక్కడ నాకు హాల్లో సోఫా. బావ టీవీ కట్టేసేదాకా నడుం వాల్చడానికి లేదు. చూద్దాంలే అన్నాను.

మార్చి 12
ఏడో ఫ్లోర్ చివరి గదిలో తువ్వాలు తడిగా ఉంది. బాత్రూంలోంచి మోకాళ్లు పట్టుకుంటూ కేక్ మాస్టర్ వచ్చాడు. పోయిన నెల తీసేసిన మాస్టరే. భార్య పోయాక ఇల్లు వదిలేసి కిచెన్ వెనక స్టాఫ్ రూంలో ఉండేవాడు. ఉద్యోగంతో పాటు అదీ పోయింది. వెనక మెట్ల తలుపు తాళంచెవి మాత్రం ఆయన దగ్గరే ఉండిపోయింది. పని దొరకగానే వెళ్లిపోతాను, చూసీ చూడనట్టు ఉండు చెల్లెమ్మా అన్నాడు.
కుళాయి విప్పాను, కట్టేశాను, వచ్చేశాను. ఎవరికీ చెప్పలేదు.

మార్చి 17
నా డబ్బాలో అన్నం ఇద్దరికీ సరిపోతోంది. ఈరోజు మాస్టర్ ఓ పాత సంగతి చెప్పాడు. ఓ పెళ్లికొడుకు అలిగి వెళ్లిపోతే, మూడంతస్తుల కేకు స్టాఫంతా వారం తిన్నారట. ఆఖరికి కేకు కనిపిస్తే పారిపోయేవాళ్లట. పొట్ట పట్టుకుని నవ్వాను. కారిడార్‌లో నా నవ్వు నాకే వినిపించి భయమేసింది.

మార్చి 20
మేనేజర్ గారు పిలిచారు. పైన ఎవరో ఉంటున్నారని సెక్యూరిటీకి అనుమానమట. దాస్తే నీ ఉద్యోగం కూడా ఉండదమ్మా అని మెత్తగానే చెప్పారు. ఆయన ముఖమూ పీక్కుపోయింది. మధ్యాహ్నాలు నేనే ఆ గదిలో కునుకు తీస్తున్నానని చెప్పాను. ఇంకోసారి చేయకు అన్నారు.

మార్చి 21
మేనేజర్ గారు అన్న మాట మాస్టర్ దగ్గర నోరు జారాను. అన్నం ముందు నుంచి లేచిపోయాడు. నీ పొట్ట కొట్టి నేనిక్కడ పడుకోలేను తల్లీ అన్నాడు. వెళ్లొద్దు అనలేకపోయాను. ఏ హక్కుతో అనను?

మార్చి 22
గది ఖాళీ. దుప్పటి మడతపెట్టి వెళ్లాడు, వంకరటింకరగా. ఫోన్ నంబర్ తీసుకోవాలని ఇన్నాళ్లూ తోచలేదు.

మార్చి 30
ఈరోజు నాకు వారపు సెలవు. అయినా వచ్చాను. చివరి గది తలుపు తట్టాను. మాస్టర్‌కి మోకాళ్ల నొప్పులు, లేచి రావడానికి టైం పడుతుంది. ఆగాను.