గేటు దగ్గర మాయమయ్యే గది

మంగళవారం రాత్రి, నాచారం

రాజన్న మీద కుళ్లు ఇంకా తగ్గలేదు.

సాయంత్రం పార్కు బెంచీ మీద అందరికీ 'ముసుగు వర్ణవివక్ష' అంటే ఏమిటో చెబుతున్నాను. ఒంటి రంగు చూసి తిడితే అది బాహాటం. రంగు ఊసెత్తకుండా, నవ్వుతూనే తలుపు వేస్తే అది ముసుగు. నా అంతట నేను చదివి పట్టుకున్న మాట కదా, కాస్త సాగదీశాను. మధ్యలో ఉప్పల్ చౌరస్తాలో నా సైకిల్ పోయిన కథ కూడా చొప్పించాను.

అంతలో గది వెతుక్కుంటూ వచ్చాడు శామ్యూల్, ఇక్కడ చదువుకుంటున్న నైజీరియా అతను. మన తెలుగు బాగానే పట్టాడు.

"తాతా, ఫోన్ జేస్తే రూమ్ ఉన్నదంటరు. గేటు కాడ నా మొఖం జూస్తే రూమ్ మాయమైతది" అన్నాడు.

బెంచీ అంతా గొల్లున నవ్వింది. ఇంతసేపూ నేను చెప్పిందంతా ఒక్క ముక్కలో! ఒళ్లు మండింది.

"గదే బిడ్డా, దాన్ని ఏమంటరంటే..." అని మళ్లీ అందుకున్నాను.

పక్కనున్న రాజన్న లేచాడు. "బావా, నీ అర్థం రేపు జెప్పు. బిడ్డా, మా ఇంటి మీది పోర్షన్ ఖాళీగున్నది, సామాన్ తెచ్చుకో."

గది చూస్తామంటూ బెంచీ మొత్తం వాళ్ల వెంటే నడిచింది. రేపటి నుంచి కబుర్లన్నీ రాజన్న వరండాలోనే. ఆ నవ్వులు మా ఇంట్లో వినపడాల్సినవి.

మా మేడ మీద గదీ ఖాళీయే. టులెట్ బోర్డు గేటుకే వేలాడుతోంది. లేదని నేను అనలేదు. ఉందని చెప్పడానికి మాత్రం ఇంత వాగే నోరు...